ఉచితంగా చూడాల్సిన క్యాపిటల్‌కి 236 డాలర్లు కట్టాం

వాషింగ్టన్ డీసీలో అమెరికా చట్టసభ కాంగ్రెస్ నడిచే క్యాపిటల్ భవనం చూడటానికి పైసా కట్టక్కర్లేదు. ఈ ఒక్క ముక్క ముందే తెలిసి ఉంటే మా అమ్మాయి కార్డు మీద 236 డాలర్లు పడేవి కావు. మనిషికి 59 చొప్పున నలుగురికి. మన డబ్బుల్లో ఇరవై వేల పైమాటే. అమెరికా వచ్చిన అమ్మానాన్నల్ని పిల్లలు తప్పకుండా తీసుకెళ్ళే చోటు ఇది. ఇంకొకళ్ళు ఇలా పోగొట్టుకోకూడదని వివరంగా రాస్తున్నాను.

నేను 28 ఏళ్ళు జిల్లా పరిషత్ హైస్కూల్లో సోషల్ చెప్పాను. శాసనశాఖ, కార్యనిర్వాహకశాఖ, న్యాయశాఖ అని బోర్డు మీద మూడు గళ్ళు గీయని సంవత్సరం లేదు. ఒకసారి పదో తరగతి పిల్లల్ని హైదరాబాద్ తీసుకెళ్ళినప్పుడు పబ్లిక్ గార్డెన్స్ దగ్గర అసెంబ్లీ తెల్ల గుమ్మటాలు రోడ్డు మీద నుంచి చూపించాను. అది అసెంబ్లీ కోసం కట్టింది కాదనీ, ఆరో నిజాం 40వ పుట్టినరోజుకి జనం చందాలు వేసుకుని 1905లో మొదలుపెట్టిన టౌన్ హాలనీ, 1913లో పూర్తయిందనీ చెప్పాను. "లోపల ఎలా ఉంటుంది టీచర్?" అని ఒక పిల్ల అడిగింది. నేనెప్పుడు చూశాను గనక చెప్పడానికి! ఆ ప్రశ్న నన్ను వదల్లేదు. ఎప్పటికైనా ఒక చట్టసభ లోపల కూర్చుని సభ జరుగుతుంటే చూడాలని అప్పటినుంచీ కోరిక.

ఈ ట్రిప్పులో ముందు ఆస్టిన్ వెళ్ళాం, మా ఆడపడుచు కొడుకు దగ్గరికి. అక్కడ టెక్సస్ రాష్ట్ర క్యాపిటల్ చూశాం. ఎర్ర గ్రానైటుతో 1888లో పూర్తయిన భవనం, ఎత్తులో వాషింగ్టన్‌దాన్నే మించింది. నేరుగా లోపలికి నడిచి వెళ్ళాం, తిరిగాం, వచ్చేశాం. టికెట్ అడిగినవాళ్ళు లేరు. సభ మాత్రం జరగడం లేదు. దాన్ని చూశాక అయినా వాషింగ్టన్‌లో కూడా అంతే ఉంటుందేమో అన్న ఆలోచన రావాల్సింది. రాలేదు.

మా అమ్మాయి ఆఫీసు పని మధ్యలో ఫోన్లో వెతికింది. మొదట కనిపించిన సైట్లో గుమ్మటం బొమ్మ, జెండా, కింద ఎర్ర అక్షరాలతో "ఈ తేదీకి ఇంకా నాలుగు టికెట్లే ఉన్నాయి" అని. చూసేవాళ్ళకి ప్రభుత్వ సైటే అనిపిస్తుంది. టికెట్లు అయిపోతాయన్న టెన్షన్‌లో వెంటనే కట్టేసింది.

గురువారం పొద్దున వర్జీనియాలోని ఆష్‌బర్న్‌లో మెట్రో ఎక్కి, రైలు మారకుండా క్యాపిటల్ సౌత్ స్టేషన్లో దిగాం. సిల్వర్ లైన్. మనిషికి 6.75 డాలర్లు. శని, ఆదివారాల్లో ఎంత దూరమైనా 2.50 మాత్రమే, కాబట్టి కుదిరితే శనివారం వెళ్ళండి. ఆదివారం టూర్లు ఉండవు. అయితే సభ చూడాలనుకునేవాళ్ళకి శనివారం పనికిరాదు, మామూలుగా ఆ రోజు సభ జరగదు.

ఆ సైట్ నడిపే టూర్ కంపెనీ తరఫున ఒక కుర్రాడు చీటీ పట్టుకుని తూర్పు వైపు నిలబడి ఉన్నాడు. పద్నాలుగు మందిమి పోగయ్యాం. సుప్రీంకోర్టు ముందు ఫోటో, లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ ముందు ఫోటో, క్యాపిటల్ మెట్ల ముందు ఫోటో. నలభై నిమిషాల్లో అతను చెప్పిందంతా ఎండలో గబగబా నడుస్తూనే చెప్పాడు. మావారికి మోకాలు నొప్పి, వెనకబడిపోతుంటే ఒక్కసారి కూడా ఆగలేదు. చివరికి అందరి చేతిలో ఒక్కో కాగితం పెట్టి, "ఇది మీ పాస్, 11 గంటలకి లోపల ఎర్ర కోట్ల వాళ్ళు తీసుకెళ్తారు, నాకు లోపలికి పర్మిషన్ లేదు" అని వెళ్ళిపోయాడు. 59 డాలర్ల టూర్ అక్కడితో అయిపోయింది.

తనిఖీ దగ్గర ఇంకో చిక్కు. నా సంచిలో పులిహోర డబ్బా ఉంది. పొద్దున్నే లేచి ఇంగువ వేసి కలిపింది, పల్లీలు మెత్తబడకుండా విడిగా పొట్లం కట్టి మరీ తెచ్చాను. తిండి ఏదీ లోపలికి రాకూడదట, మూత తీయని ప్యాకెట్ అయినా సరే. నీళ్ళ సీసా ఖాళీ చేస్తే పంపిస్తారు, డబ్బా మాత్రం కుదరదు. దాచిపెట్టే చోటు కూడా లేదు. ఆ ఆఫీసర్ ఎంతో మర్యాదగా, "పారేయండి, లేదా బయటికి వెళ్ళి తినేసి రండి" అన్నాడు. కంపెనీవాళ్ళు పంపిన ఈమెయిల్లో ఈ సంగతి ఒక్క ముక్క లేదు. "పడేద్దాం అమ్మా, టైం దాటిపోతుంది" అని అమ్మాయి. "అన్నం పడేస్తామా?" అని మావారు. చివరికి ఆయన మాటే నెగ్గింది.

భవనం చుట్టూ తిరిగి పడమటి వైపు పచ్చికలోకి వెళితే చెట్ల మధ్య చిన్న ఇటుక మంటపం కనిపించింది. పైకప్పు లేదు, ఆరు పలకల గోడ, లోపల చుట్టూ రాతి కుర్చీలు, నడుమ నీళ్ళ ఊట. సమ్మర్ హౌస్ అంటారట. ఈ తోటంతా తీర్చిన ఫ్రెడరిక్ లా ఓల్మ్‌స్టెడ్, క్యాపిటల్ చూడటానికి దూరం నుంచి వచ్చే జనానికి కూర్చోడానికీ దాహం తీర్చుకోడానికీ చోటు లేదని 1880 ప్రాంతంలో కట్టించాడు. 22 మందికి కుర్చీలు. బయట ఎండ మండుతున్నా లోపల రాయి చల్లగా ఉంది. ఇటుకల సందుల్లో నాచు. డబ్బా మూతలో పులిహోర పెట్టుకుని నలుగురం తిన్నాం. మావారు చెప్పులు విప్పి కాళ్ళు చాపి, ఆ పూటకి మొదటిసారి నవ్వారు. మా మనవడు పల్లీలన్నీ ఏరుకుని తిన్నాడు. ఆ రోజు మొత్తంలో నాకు బాగా గుర్తుండిపోయిన అరగంట అది.

తిరిగి వెళ్ళేసరికి 11.50. మా పాస్ టైం దాటిపోయింది. భయపడుతూ కౌంటర్లో అమ్మాయికి ఆ కాగితాలు చూపించి, నలుగురికి 236 డాలర్లు కట్టామని చెప్పాం. ఆమె కాగితం చూసింది, మమ్మల్ని చూసింది. "ఇక్కడ ఎవరికీ టికెట్ లేదండీ. ఎప్పుడూ లేదు. ఏ రోజుకా రోజు పాసులు మేమే ఇస్తాం" అని వెంటనే 12.20కి నాలుగు పాసులు చేతిలో పెట్టింది. మా అమ్మాయి ముఖం చూడలేకపోయాను. పాపం, తనే తప్పు చేసినట్టు బాధపడింది.

కాబట్టి గుర్తుపెట్టుకోండి. చివర డాట్ గవ్ అని ఉన్న క్యాపిటల్ సైట్లోనే బుక్ చేయండి. ఎండాకాలం సెలవుల్లో ముందే చేసుకోవడం మంచిది. దొరక్కపోతే పొద్దున్నే వెళ్ళి అడగండి. బయటి కంపెనీ గైడ్ ఎవరూ లోపల తిప్పలేరు, లోపల తిప్పేది క్యాపిటల్ ఉద్యోగులే.

లోపల మొదట 13 నిమిషాల సినిమా. తర్వాత చెవికి హెడ్‌ఫోన్లు ఇచ్చి ఎర్ర కోటు గైడ్ తీసుకెళ్ళింది. యాభై దాటిన ఆవిడ, నిదానంగా, వెనక ఉన్న మావారు వచ్చేదాకా ఆగి చెప్పింది. క్యాపిటల్ అనే పేరు ఎలా వచ్చిందో అప్పుడు అందరికీ వివరించింది. 1791లో నగరం ప్లాన్ గీసిన లాంఫాంట్ దీన్ని కాంగ్రెస్ హౌస్ అనే అన్నాడు. పట్టుబట్టి మార్పించింది, తర్వాత అధ్యక్షుడైన జెఫర్సన్. రోములో జూపిటర్ గుడి ఉన్న కొండ పేరు అది. మన తెలుగులో రాజధానినీ క్యాపిటల్ అనే అంటాం, ఈ భవనాన్నీ క్యాపిటల్ అనే రాస్తాం, అందుకే పిల్లలు రెండూ ఒకటే అనుకుంటారు. ఇంగ్లీషులో ఒక అక్షరం తేడా, అర్థం పూర్తిగా వేరు. ఒకటి ఊరు, ఒకటి ఆ ఊళ్ళో చట్టాలు చేసే ఇల్లు. నేను కూడా క్లాసులో ఈ తేడా ఎప్పుడూ చెప్పలేదు.

1793 సెప్టెంబర్ 18న జార్జ్ వాషింగ్టన్ పునాదిరాయి వేశాడు. 1814లో బ్రిటిష్ సైన్యం తగలబెట్టింది, పెద్ద వాన కురిసి గోడలు మిగిలాయి. ఇప్పుడు కనిపించే గుమ్మటం రాయి కాదు, పోత ఇనుము. 40 లక్షల కిలోల బరువు. అంతర్యుద్ధం జరుగుతుండగానే కట్టారు. లోపల నిలబడి పైకి చూస్తే 180 అడుగుల ఎత్తున బ్రూమిడీ అనే చిత్రకారుడు వేసిన చిత్రం. మావారు మెడ పట్టేసేదాకా చూశారు. కింద క్రిప్ట్ అనే స్తంభాల హాలు ఉంది, దాని అడుగున వాషింగ్టన్‌కి సమాధి గది కట్టి పెట్టుకున్నారు. ఆయన మాత్రం సొంత ఊళ్ళోనే పూడ్చమని వీలునామా రాశాడు. గది ఖాళీగానే ఉంది.

ఈ గొప్పలన్నిటికన్నా నన్ను పట్టి ఆపింది ఒక రాయి. సందర్శకుల హాలు పేరు ఎమాన్సిపేషన్ హాల్, బానిసల విముక్తికి గుర్తు. అందులో ఒక పక్క ఇసుకరాయి దిమ్మె ఉంది. 1824–26 మధ్య కట్టిన తూర్పు ముఖభాగం లోనిది. క్వారీలో దాన్ని తవ్వినవాళ్ళలో బానిసలు ఉన్నారని పక్కనే రాశారు. దగ్గరగా వంగి చూస్తే ఉలి దెబ్బలు ఇంకా ఉన్నాయి, వాలుగా, వరసగా, మన ఊళ్ళో రోలు కొట్టినప్పుడు పడ్డట్టే.

దానికి కొంచెం అవతల గుమ్మటం పైనున్న ఫ్రీడం విగ్రహానికి ప్లాస్టర్ నమూనా. పందొమ్మిదిన్నర అడుగులు. అసలు కంచు విగ్రహం పోత పోసిన ఫౌండ్రీలో ఫిలిప్ రీడ్ అనే బానిస పనిచేశాడు. వారంలో ఆరు రోజుల కూలి యజమానికి పోయేది. ఆదివారాలు పనిచేస్తే మాత్రం రోజుకి 1.25 డాలర్లు అతనికే ఇచ్చారు. 33 ఆదివారాలకి 41.25 డాలర్లు. చదువు రాదు, రసీదు మీద ఇంటూ గుర్తు పెట్టాడు. 1862లో వాషింగ్టన్ నగరంలో బానిసలకి విముక్తి వచ్చింది, మరుసటి ఏడు డిసెంబర్ 2న విగ్రహం పైకెక్కేనాటికి అతను స్వేచ్ఛగా ఉన్న మనిషి. గైడ్ ఈ లెక్క చెబుతుంటే మా అమ్మాయి నా చెయ్యి పట్టుకుంది. అతను 33 ఆదివారాలు నిప్పుల దగ్గర నిలబడి తెచ్చుకున్న దానికి దాదాపు ఆరింతలు, ఆ విగ్రహం బయట ఫోటో తీయించినందుకు మా దగ్గర తీసుకున్నారు.

టూర్ అయ్యాక బయటికి వచ్చేయకండి. టూర్లో సభలు చూపించరు. దానికి వేరే గ్యాలరీ పాస్ కావాలి. అమెరికా వాళ్ళు తమ ప్రతినిధి ఆఫీసులో అడిగి తెచ్చుకుంటారు. మనలాంటి విదేశీయులకి పై అంతస్తులో అపాయింట్‌మెంట్ డెస్కు దగ్గర పాస్‌పోర్టు చూపిస్తే ఇస్తారు. ఇదీ ఉచితమే. మావారు ఎక్కడికి వెళ్ళినా అందరి పాస్‌పోర్టులూ జిప్పు సంచిలో మెడకి వేసుకుని తిరుగుతారు, మా అమ్మాయి ఎన్నిసార్లు వద్దన్నా. ఆ రోజు పనికొచ్చింది. ఫోన్లు, స్మార్ట్ వాచీల్లాంటివి బయట అప్పగించాలి.

ప్రతినిధుల సభ గ్యాలరీలో కూర్చున్నాం. 435 మంది సభ్యుల సభ. కింద ఒక సభ్యుడు మాట్లాడుతున్నాడు, వినేవాళ్ళు పదిమంది కూడా లేరు. ముందు బల్ల దగ్గర రిపోర్టర్ ఒకావిడ చిన్న మిషన్ మీద ప్రతి మాటా ఎక్కిస్తోంది. "ఇదేనా?" అన్నారు మావారు నెమ్మదిగా. నాకూ మనసు చివుక్కుమంది. గ్యాలరీ తలుపుల మీద చుట్టూ 23 మంది శాసనకర్తల పాలరాతి ముఖాలు, హమ్మురాబి, సోలన్, సులేమాన్, జెఫర్సన్. అందరూ పక్కకి తిరిగి ఉంటే మోజెస్ ఒక్కడే ఎదురుగా చూస్తున్నాడు. వాటిని లెక్కపెడుతూ కూర్చున్నాను.

ఇరవై నిమిషాలకి గంట మోగింది. ఓటింగ్. ఎక్కడెక్కడి తలుపుల్లోంచో సభ్యులు వచ్చేశారు, చూస్తుండగానే హాలు నిండిపోయింది. కుర్చీల వెనక ఉన్న యంత్రంలో కార్డు పెట్టి బటన్ నొక్కడం, ఒకళ్ళ భుజం మీద ఒకళ్ళు చెయ్యేసి మాట్లాడుకోవడం. స్పీకర్ వెనక గోడ మీద అప్పటిదాకా మామూలు గుడ్డ కప్పినట్టున్న చోట అందరి పేర్లూ వెలిగాయి. ఒక్కో పేరు పక్కన పచ్చ దీపమో ఎర్ర దీపమో. ఎవరు ఎటు ఓటేశారో పైన కూర్చున్న మాకు కూడా కనిపిస్తోంది. "అమ్మమ్మా, దాచుకోరా?" అని అడిగాడు మనవడు. దాచుకోకూడదని చెప్పాను.

డబ్బు వెనక్కి ఇమ్మని కంపెనీకి మూడు ఈమెయిళ్ళు పెట్టాం. మీరు కట్టింది లోపలి ప్రవేశానికి కాదు, బయట తిప్పిన గైడ్‌కి అని జవాబు. మా అల్లుడు బ్యాంకులో ఫిర్యాదు వేశాడు, ఇంకా తేలలేదు. వచ్చే నెల నా పాత స్కూల్ హెచ్‌ఎం మేడం కూతురి దగ్గరికి వర్జీనియా వస్తున్నారు. ఆవిడ కోసం డాట్ గవ్ సైట్లో గురువారానికి పాసులు నేనే దగ్గరుండి తీయించాను. పాస్‌పోర్టు తెచ్చుకోమనీ, పులిహోర చేస్తే ముందు సమ్మర్ హౌస్‌లో కూర్చుని తిని లోపలికి వెళ్ళమనీ చెప్పాను.