కేక్ పిండి: వెన్నలో ముందు చక్కెరా, మైదానా?

వెన్న, చక్కెర కలిపి గిలక్కొట్టడం అందరికీ తెలిసిన పద్ధతి. చక్కెర పలుకులు వెన్నలోకి గాలిని చొప్పిస్తాయి. బేకింగ్ పౌడర్ చేసేది ఆ బుడగల్ని ఉబ్బించడమే. అందుకే ఇక్కడ బద్ధకిస్తే కేక్ దిమ్మలా తయారవుతుంది. వేలితో నొక్కితే వెన్న సొట్టపడాలి గానీ జారిపోకూడదు, అంటే 18–20 డిగ్రీలన్నమాట. 4–5 నిమిషాల్లో పసుపు పాలిపోయి తెల్లగా, నురగగా వస్తుంది.

అసలు తంటా గుడ్ల దగ్గరే. ఫ్రిజ్‌లోంచి తీసినవి తీసినట్టు ఒకేసారి గుమ్మరిస్తే మిశ్రమం విరిగిన పాలలా అయిపోతుంది. నాకెన్నిసార్లు అయిందో! ఒక చెంచా మైదా కలిపితే చాలావరకు సర్దుకుంటుంది. మిగతా మైదా వేశాక మాత్రం మిక్సర్ పక్కన పెట్టి గరిటెతో మెల్లగా కలపాలి. అతిగా కలిపితే గ్లూటెన్ (మైదాలోని సాగే జిగురులాంటి ప్రొటీన్) బిగుసుకుంటుంది, కోసిన ముక్కలో సొరంగాల్లాంటి రంధ్రాలు కనిపిస్తాయి.

రెండోది దీన్ని తిరగేసిన పద్ధతి. మైదా, చక్కెర, బేకింగ్ పౌడర్‌లో మెత్తని వెన్న వేసి తడి ఇసుకలా అయ్యేదాకా కలిపి, ఆ తర్వాతే పాలు, గుడ్లు పోస్తారు. మైదాకి కొవ్వు పూత పట్టేస్తుంది కాబట్టి గ్లూటెన్ అంత తేలిగ్గా బిగుసుకోదు. కొత్తవాళ్లకి ఇదే క్షేమం. ముక్క మెత్తగా ఉంటుంది, ఎత్తు కాస్త తగ్గుతుంది.

అంతస్తుల కేక్‌కైతే నేను రెండోదే చేస్తాను. పైభాగం చదునుగా వస్తుంది, క్రీమ్ పూసేముందు బొడిపె కోసి పారేసే పని ఉండదు.