ఐకాన్స్‌ఎక్స్‌ట్రాక్ట్: మా అవ్వ మామిడికాయను వెతికిపెట్టిన పనిముట్టు

మా అవ్వకు ఇంగ్లీషు రాదు. అయినా రోజూ మధ్యాహ్నం భోజనం అయ్యాక రెండు గంటలు కంప్యూటర్ ముందు కూర్చుని ఆటలు ఆడుతుంది. ఆటల పేర్లతో ఆమెకు పని లేదు, బొమ్మలు చాలు. క్యారమ్స్ ఆట ఆమె భాషలో ‘ఎర్ర బిళ్ల’. పేకముక్కల ఆట ‘రాణి’. రంగురాళ్లను జతకలిపే ఆట ‘మామిడికాయ’. ఆ మూడోదాని ఐకాన్ అసలు మామిడికాయే కాదు, ఒక పచ్చరత్నం. కొన కాస్త వంపు తిరిగి ఉంటుంది. చిత్తూరులో పుట్టి చిత్తూరులోనే ముసలిదైన మనిషికి అది బెంగుళూరా కాయలా కనిపించడంలో వింత లేదు. ఆమె అన్న తర్వాత మా ఇంట్లో ఎవరికీ అది రత్నంలా కనిపించడం లేదు.

ఈ సమీక్ష కాబట్టి ఆటగాళ్ల కోసం రాసింది కాదు. తెర మీద ఒక బొమ్మ మారితే ఇంట్లో గొడవ అయ్యే మాలాంటి వాళ్ల కోసం.

ఐకాన్స్‌ఎక్స్‌ట్రాక్ట్ అనేది నిర్‌సాఫ్ట్ పేరుతో నిర్ సోఫర్ ఉచితంగా ఇచ్చే చిన్న చిన్న పనిముట్లలో ఒకటి. ఇన్‌స్టాల్ చేయనక్కర్లేదు, జిప్ ఫైలు విప్పి నడపడమే. 2019 నుంచి వాడుతున్నాను. నేను దీన్ని నెత్తిన పెట్టుకోవడానికి కారణం ఒకే ఒక్క సదుపాయం. ఒక ఫోల్డర్ చూపిస్తే చాలు, లోపలి ఫోల్డర్లన్నిటినీ గాలించి, ప్రోగ్రాములు ఉండే ఈఎక్స్‌ఈ, డీఎల్‌ఎల్ ఫైళ్ల కడుపులో దాగిన ఐకాన్లను బయటికి లాగి ఒకే తెర మీద పరుస్తుంది. ఏ ఫైలులో ఏముందో మనం ఊహించాల్సిన పని లేదు. ఈ ఊహించనక్కర్లేకపోవడం ఎంత గొప్పదో ఆ ఆదివారం దాకా నాకు తెలియదు.

అంతకు ముందు శుక్రవారం సాయంత్రం తిరుపతిలో నేను పని నుంచి వస్తుండగా చిత్తూరు నుంచి ఫోను.

“నా మామిడికాయను ఎవరో తీసేశారు నాయనా.”

చిన్నాయన ఫోను లాక్కుని, తాను ఆ కంప్యూటర్ జోలికే వెళ్లలేదని ఒట్టు పెట్టుకున్నాడు. జరిగింది ఇది: ఆట రాత్రికి రాత్రి తనంతట తాను అప్‌డేట్ అయింది. కొత్త వెర్షన్‌తో పాటు దాని ఐకాన్ కూడా మారిపోయింది. పచ్చరత్నం పోయి, ఊదారంగులో నున్నటి గుండ్రని బొమ్మ ఒకటి వచ్చింది. ఆట మాత్రం ఎక్కడికీ పోలేదు.

“అవ్వా, ఆ ఊదారంగు గుండ్రటిది ఉంది చూడు, అదే నీ ఆట. దాని మీద నొక్కు” అన్నాను.

“అది వంకాయ. నేను అడిగింది మామిడికాయ” అంది.

ఆదివారం పొద్దున్నే పెన్‌డ్రైవ్ జేబులో వేసుకుని బస్సెక్కాను. పూతలపట్టు మీదుగా చిత్తూరు చేరడానికి దాదాపు డెబ్బై కిలోమీటర్లు. ఒక ఐకాన్ కోసం ఇంత దూరం వెళుతున్నానని పక్క సీటాయనకు చెప్పే ధైర్యం నాకు లేకపోయింది.

మొదట అందరూ చేసేదే చేశాను. షార్ట్‌కట్ మీద కుడి మీట నొక్కి, ప్రాపర్టీస్‌లో ఐకాన్ మార్చే కిటికీ తెరిచాను. ఆట ఫైలులో ఉన్నది వంకాయ ఒక్కటే. విండోస్‌తో వచ్చే షెల్32 ఫైలులోని బొమ్మలు చూపించాను. భూగోళం, తాళాలు, చెట్టు, ఫోల్డర్లు. అవ్వ కళ్లజోడు సవరించుకుని చూసి “ఇవన్నీ ఆఫీసు బొమ్మలు” అని తేల్చేసింది. నెట్‌లో పాత రత్నం బొమ్మ దొరికింది కానీ, చుట్టూ తెల్ల చతురస్రం ఉంది. ముదురు నీలం తెర మీద అది గోడకు అంటించిన పోస్టరులా ఉంది. దాన్ని నేనే ఒప్పుకోలేకపోయాను, ఇక అవ్వ మాట చెప్పాలా.

అప్పుడు ఐకాన్స్‌ఎక్స్‌ట్రాక్ట్‌కు ఆట ఫోల్డర్‌ను చూపించి, లోపలి ఫోల్డర్లను కూడా వెతకమన్నాను. పెద్దగా ఆశ లేదు. అర నిమిషంలో ముప్పై దాకా బొమ్మలు వచ్చాయి. వంకాయ నాలుగైదు చోట్ల ఉంది. ఎందుకూ పనికిరాని పళ్లచక్రం బొమ్మలు, రెండు మౌస్ బాణాలు. చిట్టచివరి వరుసలో, పచ్చగా, కొన వంపు తిరిగి, మామిడికాయ!

ఎక్కడిదా అని చూస్తే, ఆటను కంప్యూటర్ నుంచి తొలగించడానికి పెట్టిన అన్‌ఇన్‌స్టాల్ ఫైలులోది. ఆలోచిస్తే సంగతి తేలికే. మొట్టమొదట ఆటను ఎక్కించినప్పుడు ఆ ఫైలు తయారై, ఆనాటి ఐకాన్‌ను తనలో పెట్టుకుంది. తర్వాతి అప్‌డేట్లు ఆట ఫైలును మార్చాయి కానీ, దీన్ని ముట్టుకోలేదు. ఆటను చెరిపేయడానికి పుట్టిన ఫైలు, దాని పాత ముఖాన్ని ఇన్నాళ్లూ దాచిపెట్టింది. చేతితో వెతికితే ఆ ఫైలు తెరవాలన్న ఆలోచన నాకు జన్మలో వచ్చేది కాదు.

నేను ఎగిరి గంతేసినంత పని చేశాను. అవ్వ మాత్రం నింపాదిగా “చూశావా, ఇంట్లోనే ఉంది. మీరే సరిగా వెతకలేదు” అంది.

అక్కడితో అయిపోలేదు. అవ్వకు శుక్లాల ఆపరేషన్ అయినప్పటి నుంచి డెస్క్‌టాప్ ఐకాన్లను పెద్ద సైజులోనే పెట్టి ఉంచుతాం. ఐకాన్ల కోసమే ఉన్న ఐసీఓ రకం ఫైలులో ఒకే బొమ్మ వేర్వేరు సైజుల్లో ఉంటుంది: 16, 32, 48, ఆపైన 256 పిక్సెళ్లు. ఈ చివరి సైజు విండోస్ విస్టా కాలం నుంచి వచ్చింది. అన్‌ఇన్‌స్టాల్ ఫైలులో దొరికిన దానికి 48 దాకానే ఉంది. పెద్ద సైజులో చూస్తే ఖాళీ చట్రం మధ్య చిన్న పిందెలా కనిపించింది. జింప్ అనే బొమ్మలు దిద్దే ప్రోగ్రాములో తెరిచి, పెద్దది చేసి, ఒక్కో సైజును ఒక్కో పొరగా పెట్టి ఐసీఓగా ఎగుమతి చేశాను. జింప్ ఆ పొరలనే సైజులుగా తీసుకుంటుంది. 256 దానికి మాత్రం పీఎన్‌జీ కుదింపు గడిలో టిక్కు పెట్టాను. సాగదీసిన బొమ్మ కాబట్టి అంచులు కొంచెం మసకబారాయి. అవ్వ దగ్గరికి వంగి చూసి “కాయ కాస్త మగ్గింది, పరవాలేదు” అని ఆటలో పడిపోయింది.

ఆ వారం ఈ పనిముట్టును పొగడని రోజు లేదు. ఆఫీసులో ఇద్దరికి దింపి ఇచ్చాను కూడా. ఆ పొగడ్తలకు ఇప్పుడు కొన్ని సవరణలు చేయాలి.

మొదటిది నా తెలివితక్కువతనం. సోమవారం అంతా బాగానే ఉంది. మంగళవారం మళ్లీ ఫోను: “మామిడికాయ తెల్లకాగితం అయింది.” నేను ఐసీఓ ఫైలును పెన్‌డ్రైవ్‌లోనే ఉంచి, దాన్నే షార్ట్‌కట్‌కు చూపించి, పెన్‌డ్రైవ్‌ను తిరుపతికి తెచ్చేసుకున్నాను. షార్ట్‌కట్ బొమ్మను తనలో దాచుకోదు. ఫలానా ఫైలు, అందులో ఫలానా నంబరు అని చిరునామా మాత్రమే రాసుకుంటుంది. చిరునామాలో ఇల్లే లేకపోతే తెల్లకాగితం. మరి సోమవారం ఎందుకు కనిపించింది? విండోస్ ఒకసారి చూసిన ఐకాన్లను ఐకాన్‌క్యాష్ అనే ఫైళ్లలో భద్రపరుచుకుని, వాటినే చూపిస్తూ ఉంటుంది. అదే నన్ను ఒక రోజు పాటు తెలివైనవాణ్ని అనుకోనిచ్చింది. దీనికి తిరగబడిన అనుభవం కూడా ఉంది. ఐకాన్ మార్చినా పాతదే కనిపిస్తుంటే, మారలేదనుకుని నాలుగుసార్లు మార్చాను. విండోస్ ఎక్స్‌ప్లోరర్‌ను ఆపి, యాప్‌డేటాలోని ఆ ఐకాన్‌క్యాష్ ఫైళ్లను తీసేసి మళ్లీ మొదలుపెడితే దారికి వచ్చింది. ఇప్పుడు ప్రతి కంప్యూటర్‌లో డాక్యుమెంట్స్ కింద ‘ఐకాన్లు’ అని ఒక ఫోల్డర్ పెట్టి, దాన్ని కదిలించకూడదని ఇంట్లో అందరికీ చెప్పి ఉంచాను. తెల్లకాగితం సరిచేయడానికి తర్వాతి ఆదివారం దాకా ఆగి మళ్లీ బస్సెక్కాను, అది వేరే సంగతి.

రెండోది అత్యాశ. ఐకాన్స్‌ఎక్స్‌ట్రాక్ట్ తీసి ఇస్తుందే తప్ప, ఫైలులోకి తిరిగి పెట్టదు. అందుకు ఆంగస్ జాన్సన్ రాసిన రిసోర్స్ హ్యాకర్ ఉంది. అదీ ఉచితమే. ఆట ఫైలును తెరిచి, లోపలి ఐకాన్‌ను తీసి మనది పెట్టి సేవ్ చేయవచ్చు. చెప్పిన పని చెప్పినట్టు చేస్తుంది. పని చేయకూడని చోట చేయించింది నేను. తయారుచేసినవారి డిజిటల్ సంతకం ఉన్న ఫైలులో ఐకాన్ మారినా ఆ సంతకం చెల్లదు. అవ్వ ఆట కూడా తెరుచుకునే ముందు తన ఫైళ్లను సరిచూసుకునే రకం. ఫైలు చెడిపోయిందని చెప్పి, మరమ్మతు పేరుతో మొత్తం మళ్లీ దింపుకోవడం మొదలుపెట్టింది, అదీ చిన్నాయన ఫోను డేటాతో. ఆ రోజు కోటా మధ్యాహ్నానికే అయిపోయింది. భోజనం దగ్గర చిన్నాయన నాతో ఒక్క మాట మాట్లాడలేదు. మరమ్మతు అయ్యాక తెర మీద కూర్చున్నది ఎవరనుకున్నారు? వంకాయ. నలుగురితో కలిసి నెట్‌లో ఆడే ఆటలకైతే ఈ పని అసలే వద్దు. ఫైలు తాకితే మోసం చేస్తున్నారని అనుకునే కాపలా ప్రోగ్రాములు వాటికి ఉంటాయి.

మూడోది, ఆ గాలించే గుణమే ఒక్కోసారి భారం. ఉత్సాహం కొద్దీ ఒకసారి సీ డ్రైవ్ మొత్తం చూపించాను. వేల బొమ్మలు కుప్పపోసింది, వాటిలో సగం ఒకే పళ్లచక్రం. సైజును బట్టి వడపోసే ఏర్పాటు ఉంది, దాన్ని వాడకపోతే కుప్పలో సూదిని వెతుక్కోవడమే. స్టీమ్ అనే ఆన్‌లైన్ ఆటల దుకాణంలో కొన్న ఆటలకు ఈ శ్రమ కూడా అక్కర్లేదు. స్టీమ్ ఫోల్డర్‌లోపల మళ్లీ స్టీమ్ అని ఒకటి, అందులో గేమ్స్ అని ఒకటి ఉంటాయి. డెస్క్‌టాప్ షార్ట్‌కట్ల ఐసీఓలు అక్కడే ఉంటాయి. పేర్లు చూస్తే నలభై అక్షరాల గజిబిజి. పెద్ద బొమ్మల రూపంలో ఫోల్డర్ తెరిస్తే కంటితోనే గుర్తుపట్టవచ్చు. విండోస్ స్టోర్ నుంచి దింపిన ఆటల దగ్గర మాత్రం ఈ పనిముట్టు చేతులెత్తేసినట్టే. వాటి బొమ్మలు తాళం వేసిన ఫోల్డర్‌లో పీఎన్‌జీలుగా ఉంటాయి.

పని లేని మధ్యాహ్నాల్లో వినోదంగా కూడా వాడాను. విండోస్ సిస్టమ్32 ఫోల్డర్‌లో మోర్‌ఐకాన్స్, పిఫ్‌మేనేజర్ అనే రెండు డీఎల్‌ఎల్ ఫైళ్లు ఉన్నాయి. మొదటిదాని నిండా విండోస్‌కు ముందున్న డాస్ కాలపు ప్రోగ్రాముల ఐకాన్లు. అవి చూసి చిన్నాయన, తాను కంప్యూటర్ కోర్సు చేసిన రోజులు గుర్తొచ్చి, డేటా సంగతి మరచిపోయి నాతో మళ్లీ మాట్లాడటం మొదలుపెట్టాడు. రెండోదానిలో గొడుగు, వార్తాపత్రిక, యాపిల్ ఉన్నాయి. అవ్వ గొడుగును పట్టుకుంది. ఇప్పుడు పదాల ఆటకు ఆ గొడుగే.

సొంత ఐకాన్ చేసిపెట్టమని కూడా అడిగింది. గుంటల్లో గింజలు పంచుకుంటూ పోయే ఆట ఒకటి దింపి ఇచ్చాను. దానికి తన వామనగుంటల పీట బొమ్మే కావాలంది. పీటను ఎండలో పెట్టి ఫొటో తీశాను. 256లో అందంగా ఉంది. 32కి దిగేసరికి పద్నాలుగు గుంటలూ కలిసిపోయి బురద అయ్యాయి. చివరికి ఒక్క గుంటను, అందులో నాలుగు చింతగింజలను మాత్రం కత్తిరించి పెడితే కుదిరింది. చిన్న సైజుకు వివరాలు పనికిరావు, ముదురు ఆకారం ఒకటి చాలు.

షార్ట్‌కట్ పేరు తెలుగులో పెడితే సరిపోయేది కదా, ఇంత తతంగం ఎందుకని మా ఆఫీసులో ఒకరు అడిగారు. పెట్టాను. విండోస్ శుభ్రంగా ఒప్పుకుంటుంది. కానీ ఐకాన్ కింది అక్షరాలు అవ్వ కళ్లకు చీమల బారు. పేరు మార్చడం వల్ల వచ్చిన లాభం ఇంకొకటి. ఆట అప్‌డేట్ అయి తన షార్ట్‌కట్‌ను మళ్లీ వేసుకున్నా, ‘మామిడికాయ’ పేరుతో ఉన్న నకలు జోలికి రాదు.

మీకు ఒక్క షార్ట్‌కట్ మార్చుకోవడమే కావాలంటే ఈ పనిముట్టు అక్కర్లేదు, విండోస్ కిటికీ చాలు. జిప్ ఫైళ్లు విప్పే సెవెన్ జిప్ ఇప్పటికే ఉన్నవారు ఈఎక్స్‌ఈని దానితోనే తెరిచి ఐకాన్లను చూడవచ్చు, ఫైలు ఏదో ముందే తెలిస్తే. అది తెలియనప్పుడే నాకు ఇది కావాలి. పైగా నాది డెబ్బై కిలోమీటర్ల దూరం నుంచి చేసే సేవ, కాబట్టి నా మెచ్చుకోలు కొంచెం ఎక్కువగానే ఉండవచ్చు. చిత్తూరు కంప్యూటర్ ఇంకా విండోస్ 10లోనే ఉంది. దానికి మద్దతు 2025 అక్టోబరులో ఆగిపోయింది కాబట్టి త్వరలో మార్చక తప్పదు. ఆ రోజున మొదట పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కేది అవ్వ ఫొటోల కంటే ముందు ‘ఐకాన్లు’ ఫోల్డరే.

ఈమధ్య ఆట మరోసారి అప్‌డేట్ అయింది. ఈసారి అన్‌ఇన్‌స్టాల్ ఫైలు కూడా మారిపోయింది, వెతికినా లోపల వంకాయలు తప్ప ఏమీ లేవు. అవ్వకు ఆ సంగతే తెలియదు. ఫోను చేసింది కానీ, రాణి కాస్త చిక్కినట్టుంది, వచ్చినప్పుడు చూడమని.