వింగ్ లూక్ మ్యూజియం, సియాటిల్: టూర్ వదులుకుంటే సగం చూడనట్టే

సియాటిల్ పక్కన బెల్‌వ్యూ, రెడ్‌మండ్ వైపు ఉండే మనవాళ్లు ఊరినుంచి అమ్మానాన్నలొస్తే స్పేస్ నీడిల్, పైక్ ప్లేస్ మార్కెట్ తప్పకుండా చూపిస్తారు. ఆ మార్కెట్‌ని కాపాడాలని నగర కౌన్సిల్లో పట్టుబట్టిన వింగ్ లూక్ పేరు మీదే చైనాటౌన్‌లో ఈ మ్యూజియం ఉంది. దీన్నీ ఆ జాబితాలో చేర్చండి.

ముందే ఒక మాట. పేరు చూసి మ్యూజియమంతా వింగ్ లూక్ గురించే అనుకోవద్దు. అమెరికాకి వలసొచ్చిన ఆసియా, పసిఫిక్ దీవులవాళ్లందరి కథలూ ఇందులో ఉంటాయి, గ్యాలరీల్లో ప్రదర్శనలు మారుతుంటాయి. ఆయన సంగతి కాస్త తెలుసుకుని వెళ్తేనే అక్కడి గదులు మాట్లాడతాయి.

లూక్ 1925లో చైనాలోని క్యాంటన్ దగ్గర పుట్టి, ఆరేళ్లప్పుడు సియాటిల్ వచ్చారు. చైనా వలసల్ని అడ్డుకునే 1882 నాటి చట్టం అప్పటికింకా అమల్లోనే ఉంది. నాన్నది లాండ్రీ, తర్వాత కిరాణా కొట్టు. లూక్ రెండో ప్రపంచ యుద్ధంలో సైన్యంలో పనిచేసి, యూనివర్సిటీ ఆఫ్ వాషింగ్టన్‌లో లా చదివి, రాష్ట్ర అసిస్టెంట్ అటార్నీ జనరల్‌గా పౌరహక్కుల విభాగంలో చేశారు. 1962లో నగర కౌన్సిల్‌కి గెలిచారు. తెల్లవాళ్లు కానివాళ్లు ఆ కౌన్సిల్లో అడుగుపెట్టడం అదే మొదలు. ఇల్లు అమ్మేటప్పుడూ, అద్దెకిచ్చేటప్పుడూ జాతి చూడకూడదనే ఆర్డినెన్స్ (నగర స్థాయి చట్టం) కోసం కొట్లాడారు. 1964 మార్చిలో దాన్ని ఓటర్ల ముందు పెడితే కావాలన్నవాళ్లకంటే వద్దన్నవాళ్లు రెండింతలకి పైనే. చివరికి 1968లో పాసయ్యేనాటికి ఆయన లేరు. 1965 మేలో చేపల వేటకి వెళ్లి తిరిగొస్తుంటే ఆయన ఎక్కిన చిన్న విమానం కాస్కేడ్ కొండల్లో కూలిపోయింది. శిథిలాలు దొరకడానికి మూడేళ్లు పట్టింది. వెతకడానికని జనం పోగేసిన డబ్బే 1967లో ఈ మ్యూజియానికి పెట్టుబడి అయింది. మొదట ఒక చిన్న దుకాణపు గదిలో నడిచింది.

2008 నుంచి మ్యూజియం ఉన్నది కింగ్ వీధిలోని ఈస్ట్ కాంగ్ యిక్ బిల్డింగ్‌లో. 1910లో 170 మంది చైనా వలసదారులు తలా కొంత వేసుకుని కట్టుకున్న ఇటుక భవనం ఇది. పై అంతస్తుల్లో ఫ్రీమన్ హోటల్ ఉండేది. పేరుకి హోటల్ గానీ మన లెక్కలో కూలీల లాడ్జి. అలాస్కాలో చేపల డబ్బాల ఫ్యాక్టరీలకి వెళ్లేవాళ్లు సీజన్ అయ్యాక వచ్చి తలదాచుకున్న ఒంటి గదులివి. మంచం వేశాక మిగిలే చోటు తక్కువ, వంటగది అందరికీ ఒక్కటే. మిగతా ఊళ్లో ఇల్లు దొరకనివాళ్లు ఏళ్లకేళ్లు ఇలాంటి గదుల్లోనే గడిపారు. లూక్ ఆ ఆర్డినెన్స్‌ని ఎందుకంత గట్టిగా పట్టుకున్నారో చెప్పడానికి ఏ బోర్డూ అక్కర్లేదు.

కింద యిక్ ఫంగ్ దుకాణం ఇంకా బాగుంటుంది. అరలూ, వాటిమీద సరుకుల డబ్బాలూ ఉన్నవి ఉన్నట్టే దాచారు. అప్పట్లో ఓడ టికెట్లు కూడా ఇక్కడే అమ్మేవారు.

అయితే ఈ గదులూ, దుకాణమూ గైడ్ వెంట వెళ్తేనే చూడగలం. చాలామంది పొరపాటు పడేది ఇక్కడే. మూడు దాటాక వచ్చి, గ్యాలరీలు చూసి, ఇంతేనా అని వెళ్లిపోతారు. టూర్లకి వేళలుంటాయి, ఒక్కోటి దాదాపు ముప్పావుగంట. పొద్దున్నే వెళ్లి టికెట్ కౌంటర్ దగ్గరే టూర్ టైమ్ అడిగి, దాన్నిబట్టి గ్యాలరీలు చూసుకోండి. పిల్లలుంటే టూరే ముందు పెట్టుకోండి, ఓపిక అయిపోయాక వాళ్లు వినరు. మొత్తానికి రెండున్నర గంటలు చేతిలో ఉంచుకోవాలి. మంగళవారం సెలవు, మిగతా వేళలు బయల్దేరేముందు సైట్‌లో ఒకసారి సరిచూసుకోండి.

వారాంతంలో పార్కింగ్ కోసం వీధులు చుట్టడం దండగ. లైట్ రైల్లో చైనాటౌన్ స్టేషన్ దగ్గర దిగి, 5వ అవెన్యూ మీదున్న పెద్ద చైనా ద్వారం కిందుగా కింగ్ వీధి పట్టుకుని నేరుగా నడిస్తే, 8వ అవెన్యూ మూలకి చేరేలోపే మ్యూజియం వచ్చేస్తుంది.