బ్యాచిలరెట్ ట్రిప్ తేదీ: పెళ్లికి వారం ముందా, రెండు నెలల ముందా?

పెళ్లి తేదీ ఖాయమైందని తెలియగానే స్నేహితురాళ్ల వాట్సాప్ గ్రూపులో మొదలయ్యే ప్రశ్న "మరి ట్రిప్ ఎప్పుడే?". అదే బ్యాచిలరెట్ ట్రిప్, అంటే పెళ్లికూతురి కోసం స్నేహితురాళ్లంతా కలిసి వెళ్లే సరదా ప్రయాణం. ఎక్కడికి అన్నది గంటలో తేలిపోతుంది. ఎప్పుడు అన్నది మాత్రం వారాల తరబడి నలుగుతూనే ఉంటుంది. "నాకు ఏ డేట్ అయినా ఓకే" అన్న అమ్మాయే తీరా టికెట్లు తీసే రోజున "అయ్యో, ఆ వారం కుదరదే" అంటుంది. నా మాట ముందే చెప్పేస్తాను. పెళ్లికి ఆరు నుంచి ఎనిమిది వారాల ముందు, పండుగా సెలవూ లేని ఒక మామూలు శని, ఆదివారాలు, వాటికి కలిపి ఒక్క రోజు లీవు. ఎక్కువ మందికి ఇదే మేలు.

పెళ్లికి ముందు వారంలో పెట్టుకోవాలనే ఆలోచన చాలామందికి వస్తుంది. దూరాల్లో ఉన్నవాళ్లు ఎలాగూ పెళ్లికి వస్తారు కాబట్టి ఒకే టికెట్టు, ఒకే లీవుతో రెండు పనులూ అయిపోతాయి. ఇది చిన్న లాభమేం కాదు. అయినా నేను వద్దనే అంటాను. ఫ్లూ సోకిన వాళ్లకి లక్షణాలు బయటపడటానికి ఒకటి నుంచి నాలుగు రోజులు పడుతుంది. ఒకే గదిలో పడుకుని, ఒకే కారులో తిరిగే గుంపులో ఒకరికి జలుబు ఉంటే పెళ్లికూతురు పీటల మీద జ్వరంతో కూర్చోవాల్సి రావచ్చు. ఎండ సంగతీ అంతే. చర్మం కమిలితే మంట మొదటి రెండు మూడు రోజులు బాగా ఉంటుంది, ఆ తర్వాత పొర లేవడం మొదలవుతుంది. సరిగ్గా ఫోటోలు తీసే రోజుకి. నల్లబడిన రంగు తగ్గడానికైతే వారాలు పడుతుంది. కాలు కాస్త బెణికినా అంతే.

వీటన్నిటికంటే పెద్ద సమస్య పెళ్లికూతురి మనసు అక్కడ ఉండకపోవడం. టైలర్ ఫోన్, చుట్టాల బస ఏర్పాట్లు, "ఫలానా వాళ్లని పిలిచావా" అని ఇంటి నుంచి మెసేజ్. మనం ఆమె కోసమని చేసుకునే ట్రిప్‌లో ఆమే సగం లేకపోతే ఎలా? దూరం నుంచి వచ్చేవాళ్లకి వేరే దారి నిజంగా లేకపోతే, ఆ వారంలో ట్రిప్ మానేసి పెళ్లి జరిగే ఊళ్లోనే ఒక సాయంత్రం అందరూ కలిసి కూర్చోండి. అది బాగుంటుంది.

రెండు నెలల ముందైతే ఈ గొడవలేవీ ఉండవు. బెణికిన కాలు నయమవుతుంది, రంగు తేరుకుంటుంది, బ్లౌజు ఆఖరి కొలతలకి ఇంకా టైం ఉంటుంది. పెళ్లి దగ్గర పడుతోందన్న ఉత్సాహం కూడా అప్పటికి వచ్చేస్తుంది. ఒక్క చిక్కు ఉంది. దూరంలో ఉన్నవాళ్లకి రెండు ప్రయాణాల ఖర్చు పడుతుంది. ఆ ఖర్చు గురించి ముందే మాట్లాడుకోవాలి, దాటేయకూడదు.

నాలుగైదు నెలల ముందు పెట్టుకోవడం విదేశానికి వెళ్లేవాళ్లకి తప్ప పెద్దగా అవసరం లేదు. చాలా దేశాలు పాస్‌పోర్టుకి ఇంకా ఆరు నెలల గడువు ఉండాలంటాయి. యూరప్‌లోని చాలా దేశాలకి కలిపి ఇచ్చే షెంగెన్ వీసాకి ప్రయాణానికి ఆరు నెలల ముందు నుంచి అప్లై చేయొచ్చు, కనీసం 15 రోజుల ముందైనా చేయాలి. మామూలుగా 15 రోజుల్లో తేల్చినా, కొన్నిసార్లు 45 రోజుల దాకా పడుతుంది. పెళ్లి పనుల మధ్య పాస్‌పోర్టు వీసా ఆఫీసులో ఇరుక్కుంటే ఆ టెన్షన్ ఎవరూ పడలేరు.

పెళ్లయ్యాక వెళ్దామనే వాళ్లూ ఉన్నారు. ప్రశాంతంగా ఉంటుంది, నిజమే. కానీ అప్పటికి ఆమె లీవులు అయిపోయి ఉంటాయి, కొత్త సంసారం మొదలై ఉంటుంది, "వచ్చే నెల చూద్దాం" అంటూ సంవత్సరం గడిచిపోతుంది. పాస్‌పోర్టులో పేరు మార్పించుకుంటుంటే టికెట్టు మీది పేరుతో ఇంకో తలనొప్పి.

ఇక శని, ఆదివారాలా, వారం మధ్యలోనా? వారం మధ్యలో గదులు సాధారణంగా తక్కువకే వస్తాయి, జనం కూడా తక్కువ. కానీ కొత్తగా ఉద్యోగంలో చేరిన అమ్మాయికి మూడు రోజుల లీవు అడగడమంటే ప్రాణసంకటం. వరుస సెలవులు ఇంకా నష్టం. ఊరంతా అప్పుడే బయల్దేరుతుంది, రేట్లూ పెరుగుతాయి.

ఇప్పుడు అసలు చోటికి వద్దాం. తేదీ ఎవరు తేల్చాలి? గ్రూపులో పోల్ పెట్టడం సులువే కానీ, పోల్ అన్నిసార్లూ జవాబు ఇవ్వదు. ముగ్గురు స్నేహితురాళ్లు, నెలలో మూడు వారాంతాలు అనుకోండి. ఒకామె ఇష్టం వరుసగా మొదటిది, రెండోది, మూడోది. ఇంకొకామెకి రెండోది, మూడోది, మొదటిది. మూడో ఆమెకి మూడోది, మొదటిది, రెండోది. జతలు జతలుగా చూస్తే మొదటిది రెండోదాన్ని, రెండోది మూడోదాన్ని, మూడోది మళ్లీ మొదటిదాన్ని రెండు ఓట్లతో గెలుస్తుంది. ఎంతసేపు ఓటేసినా ఎవరికీ తృప్తి ఉండదు. ఫ్రెంచ్ గణితవేత్త కాండోర్సే 1785లోనే ఈ చిక్కును రాసిపెట్టాడు. పైగా వాట్సాప్ పోల్‌లో మామూలుగా ఎవరు దేనికి ఓటేశారో అందరికీ కనిపిస్తుంది. చేతిలో డబ్బు ఆడని అమ్మాయి అందరి ముందు ఏదో ఒకటి నొక్కేసి ఊరుకుంటుంది.

అందుకే నేను విడివిడిగా ఫోన్ చేసి అడగడాన్నే నమ్ముతాను. అడగాల్సింది కూడా "ఏది ఇష్టం" అని కాదు, "ఏ రోజులు అసలు కుదరవు" అని. జీతం ఏ తేదీకి పడుతుంది, పరీక్షలున్నాయా, ఇంట్లో పిల్లల్ని ఎవరు చూస్తారు, ఇవన్నీ ఫోన్‌లో బయటికొస్తాయి, గ్రూపులో రావు. గర్భంతో ఉన్న స్నేహితురాలు ఉంటే తేదీ ఆమెను బట్టే పెట్టాలి. చాలా ఎయిర్‌లైన్లు 28 వారాలు దాటితే డాక్టర్ లెటర్ అడుగుతాయి, 36 వారాలు దాటితే ఎక్కించుకోవు. పెళ్లికూతురి నెలసరి తేదీ కూడా మొహమాటం లేకుండా అడిగేయండి, ముఖ్యంగా సముద్రమో ట్రెక్కింగో అయితే. ట్రిప్ కోసం నెలసరి వాయిదా వేసే మాత్రలు ఎవరో చెప్పారని వేసుకోవద్దు, డాక్టర్‌ని అడగాల్సిందే.

అందరికీ కుదిరే తేదీ దొరక్కపోతే? ఎవరు లేకపోతే పెళ్లికూతురికి వెలితిగా ఉంటుందో ఆమెనే అడిగి ఇద్దరి పేర్లు తీసుకోండి. ఆ ముగ్గురికీ కుదిరేదే తేదీ. మిగతావాళ్లకి ఆ మాట నేరుగా, ప్రేమగా చెప్పండి. రాలేనివాళ్లని అందరి ముందూ మళ్లీ మళ్లీ బతిమాలొద్దు, వాళ్ల కారణం వాళ్లకుంటుంది.

చివరికి రెండు వారాంతాలు సమానంగా మిగిలితే ముందు వచ్చేదే తీసుకోండి. ఎవరికైనా ఒంట్లో బాగోక ఆగిపోయినా రెండోది చేతిలో ఉంటుంది. మొదటి ట్రిప్ అయ్యేదాకా ఆ రెండో తేదీని కూడా అందరి క్యాలెండర్లలో ఖాళీగా ఉంచమనండి. గది తీసుకునేటప్పుడు కాస్త ఎక్కువైనా, రద్దు చేసుకుంటే డబ్బు వెనక్కి వచ్చేదే తీసుకోండి.