ప్లే స్టోర్‌లో పోయిన యాప్‌లు వెతకడం: నా అనుభవం

మా నాన్న ఫోన్‌లో బస్ టికెట్ల యాప్ ఉన్నట్టుండి కనిపించలేదు. పేరు గుర్తులేదు, "ఎర్ర రంగు బొమ్మరా" అంటారంతే. రిపేర్ షాపులో ఫ్యాక్టరీ రీసెట్, అంటే ఫోన్‌లో ఉన్నదంతా చెరిపేయడం, చేయాలన్నారట, మనవరాలి ఫొటోలన్నీ అందులోనే ఉన్నాయని ఆయనకి ఒకటే టెన్షన్. దయచేసి ఈ చిన్న పనికి ఎవరూ రీసెట్ చేయించకండి!

ప్లే స్టోర్‌లో పైన కుడివైపు మన ప్రొఫైల్ బొమ్మ నొక్కి, మేనేజ్ యాప్స్ అండ్ డివైస్‌లో మేనేజ్‌కి వెళ్లి, ఇన్‌స్టాల్డ్ అని ఉన్నచోట నొక్కి నాట్ ఇన్‌స్టాల్డ్ ఎంచుకుంటే, ఆ అకౌంట్‌తో ఇదివరకు వేసుకుని తీసేసిన యాప్‌లన్నీ వరసగా వస్తాయి. నాన్న బొటనవేలితో మెల్లగా కిందికి జరుపుతూ ఒకచోట ఆగి "ఇదే ఇదే" అన్నారు. టిక్ పెట్టి డౌన్‌లోడ్ నొక్కాం, వచ్చేసింది. ఒక్క పైసా ఖర్చు లేదు.

ప్లే స్టోర్‌లో 2023లో వచ్చిన ఆర్కైవ్ అనే సదుపాయం కూడా నాకు బాగా నచ్చింది. చోటు చాలనప్పుడు వాడని యాప్‌ని కుదించి, ఐకాన్ మీద మబ్బు గుర్తు పెట్టి ఉంచుతుంది, నొక్కితే పాత డేటాతోనే తిరిగొస్తుంది. పూర్తిగా తీసేసిన వాటికి మాత్రం మళ్లీ లాగిన్ అవ్వాలి. యూపీఐ యాప్ అయితే బ్యాంకులో ఇచ్చిన నంబర్ సిమ్ అదే ఫోన్‌లో ఉండాలి.

వెతికే ముందు సెట్టింగ్స్‌లో యాప్స్ కూడా ఒకసారి చూడండి, కొన్నిసార్లు యాప్ డిసేబుల్ అయి (పనిచేయకుండా ఆగిపోయి) అక్కడే ఉంటుంది.