పైరసీ సినిమా సైట్లు: ఒక సేవగా చూస్తే

ఏ సేవనైనా అది ఇస్తానన్నదానితో, ఇచ్చినదానితో తూచి చూడటం సమీక్షకు పద్ధతి. కొత్త సినిమాను పైసా ఖర్చు లేకుండా చూపిస్తామనే పైరసీ సైట్లనూ అదే తూకంలో పెట్టవచ్చు.

డబ్బు మిగలడం ఒక్కటే వాటి ఎదుగుదలకు కారణం కాదు. 2001లో బ్రామ్ కోహెన్ రూపొందించిన బిట్‌టొరెంట్ పద్ధతి పెద్ద ఫైలును చిన్న ముక్కలుగా విడగొట్టి, దించుకునేవారి కంప్యూటర్ల నుంచే ఇతరులకు అందించడంతో, భారీ సర్వర్లు లేకుండానే సినిమాలను పంచడం సాధ్యమైంది. 2003లో స్వీడన్‌లో మొదలైన పైరేట్ బే అనే సైట్ ఈ పద్ధతిని ఆసరా చేసుకునే పెరిగింది. 2006లో పోలీసులు సర్వర్లను పట్టుకుపోయినా, 2009లో నిర్వాహకులకు జైలుశిక్ష పడినా అది మూతపడలేదు. ఆ తరువాతి స్ట్రీమింగ్ సైట్లు డౌన్‌లోడ్ చేసుకునే శ్రమను కూడా తప్పించాయి. వియత్నాం కేంద్రంగా నడిచి 2024లో మూతపడిన ఎఫ్‌మూవీస్‌కు, 2023 జనవరి నుంచి 2024 జూన్ వరకు 670 కోట్లకు పైగా సందర్శనలు వచ్చాయని నిర్మాణ సంస్థల కూటమి ఏస్ లెక్క చెప్పింది. సౌలభ్యం విషయంలో వీటికి మంచి మార్కులే వేయాలి.

నాణ్యత మాట వేరు. విడుదలైన రోజున దొరికేది చాలావరకు థియేటర్‌లో దొంగచాటుగా తీసిన ప్రింట్: పక్కకు ఒరిగిన తెర, వెలిసిన రంగులు, సంభాషణల మధ్య ఎవరివో దగ్గులు, వీటన్నిటిపైన జూదం యాప్ ప్రకటన. ఓటీటీలోకి వచ్చాక మంచి ప్రింట్ దొరుకుతుంది, నిజమే. కానీ అప్పటికి అదే సినిమా చట్టబద్ధంగానూ అందుబాటులో ఉంటుంది. 2009లో ‘ఎక్స్‌మెన్ ఆరిజిన్స్: వోల్వరిన్’ విడుదలకు నెల ముందే బయటికి పొక్కిన ప్రతిలో గ్రాఫిక్స్ పని పూర్తికానే లేదు. ఆ ముసాయిదాను చూసి సినిమాపై తీర్పు చెప్పడం ఎంతవరకు న్యాయం?

అన్నిటికన్నా బలహీనమైన అంశం భద్రత. ప్లే గుర్తులా కనిపించేది ప్రకటనకు దారి తీస్తుంది. నోటిఫికేషన్లకు అనుమతి ఇవ్వమని ఒక కిటికీ, ఏదో యాప్ వేసుకోమని మరొకటి తెరుచుకుంటాయి. టికెట్ డబ్బు అడగని సైట్ ప్రకటనకర్తలకు అమ్ముకునేది ప్రేక్షకుడినే. టొరెంట్ వాడేవారికి మరో చిక్కు ఉంది: సినిమాను దించుకుంటున్నప్పుడే వారి కంప్యూటర్ దానిని ఇతరులకు పంపుతుంటుంది కాబట్టి, తమకు తెలియకుండానే పంపిణీదారులవుతారు. ఫోన్‌లోకి వైరస్ చొరబడితే ఫిర్యాదు చేయడానికి సంస్థ లేదు, చిరునామా లేదు. సైట్ పేరే నెలకోసారి మారుతుంటుంది.

నష్టం అంచనాల్లో అతిశయోక్తులు ఎక్కువ. దొంగచాటుగా చూసిన ప్రతి ఒక్కరూ టికెట్ కొని ఉండేవారని లెక్కించడం సరికాదు. అయినా, అమెరికాలోని కార్నెగీ మెలన్ విశ్వవిద్యాలయ పరిశోధకులు 2014లో ప్రచురించిన అధ్యయనం ప్రకారం, విడుదలయ్యాక లీకైన సినిమాలతో పోలిస్తే విడుదలకు ముందే లీకైనవాటి థియేటర్ రాబడి సగటున 19.1 శాతం తగ్గింది. పెద్ద సంస్థలు లింకులు తొలగించడానికి ప్రత్యేక బృందాలను పెట్టుకోగలవు; చిన్న నిర్మాతకు ఆ స్తోమత ఉండదు.

అధికారిక వేదికలు ఈ సైట్లతో ఇంకా సరితూగలేని పని ఒకటుంది: ఒకేచోట వెతికితే అన్ని సినిమాలూ దొరకడం. హక్కులు వేర్వేరు ఓటీటీల మధ్య చీలిపోవడం వల్ల, రెండు మూడు చందాలు కట్టేవారు సైతం తాము చూడాలనుకున్న సినిమా ఎక్కడుందో, తమ దేశంలో ఉందో లేదో విడివిడిగా వెతుక్కోవలసి వస్తోంది.