తొలి డాక్యుమెంటరీకి కంభం చెరువా, బకింగ్‌హాం కాలువా?

చరిత్ర, టెక్నాలజీ, నేల, ఈ మూడూ కలిసిన సినిమాలు తీస్తూ బతకాలనుకునేవాళ్లకు మన నెల్లూరు, ప్రకాశం వైపు రెండు గొప్ప కథలున్నాయి.

కంభం చెరువుతో పని తేలిక. వందల ఏళ్ల కిందట రెండు కొండల నడుమ గుండ్లకమ్మకు అడ్డంగా వేసిన కట్ట అది. విజయనగర రాజవంశానికి చెందిన వరదరాజమ్మ కట్టించిందని చెప్పుకుంటారు. కట్ట మీద నిలబడితే ఒకవైపు నీళ్లు, ఇంకోవైపు పొలాలు, కథంతా ఒకే షాట్‌లో ఇమిడిపోతుంది. తూము దగ్గరికి మాత్రం తప్పకుండా వెళ్లండి. సిమెంటు లేని రోజుల్లో ఇంత నీటి బరువు ఎలా నిలిపారో అక్కడి రాళ్లు చూస్తేనే తెలుస్తుంది.

బకింగ్‌హాం కాలువ అలా చిక్కదు. 1806లో మద్రాసు దగ్గర మొదలై, మన తీరం వెంబడి ముక్కలు ముక్కలుగా పెరిగింది. 1876-78 ధాతు కరువులో, పొట్ట చేతపట్టుకుని వచ్చిన జనం చేత మద్రాసు ఊళ్లోని ముక్కను తవ్వించి, దానికి అప్పటి గవర్నర్ పేరు పెట్టారు. ఉప్పు, వంటచెరకు మోసిన పడవలు ఇప్పుడు లేవు. పూడికలో కూరుకుపోయిన లాకులు, ఉప్పుమళ్ల పక్కన కదలని నీళ్లు మిగిలాయి. 2022 దాకా నెల్లూరు జిల్లాలోనే ఉన్న శ్రీహరికోట పక్కనే ఈ కాలువ సాగుతుంది, అంటే పడవల దారి పక్కనే రాకెట్ల దారి! ఆ చుట్టుపక్కల డ్రోన్ ఎగరేయాలంటే అనుమతుల టెన్షన్ తప్పదు. డబ్బు, ఓపిక రెండూ ఎక్కువే కావాలి.

నన్నడిగితే కాలువే. పడవ నడిపిన తాతలు ఇంకా మాట్లాడగలిగినప్పుడే కెమెరా పట్టుకుని వెళ్లాలి. చెరువు మన కోసం ఇంకో ఏడాది ఆగుతుంది.